ఏడు మెట్లు ఎక్కడికి పోయాయి?

పాతికేళ్ల కిందటి సంగతి. మా ఊళ్లో గ్రామసభ జరుగుతోంది. చేతిలో ఉన్న కాస్త డబ్బుతో చెరువు పూడిక తీయించాలా, పంచాయతీ ఆఫీసుకు ప్రహరీ కట్టించాలా అన్నది ఆ రోజు చర్చ. చెరువు తరఫున మాట్లాడమని నన్ను అడిగారు. తెలుగు మాస్టారు కదా, బాగా చెబుతాడని వాళ్ల నమ్మకం. ముందు రోజు రాత్రి కూర్చుని శ్రద్ధగా రాసుకున్నాను. చెరువు ఊరికి కన్నతల్లి వంటిదన్నాను. కల్పవృక్షమన్నాను. పల్లెకు ప్రాణనాడి అన్నాను. జనం మర్యాదగా విన్నారు. వెనక వరసల్లో మాత్రం నెమ్మదిగా సొంత కబుర్లు మొదలయ్యాయి.

నేను కూర్చున్నాక ఒక పెద్దాయన లేచాడు. మా ఇంటికి రెండిళ్ల అవతల ఉండేవాడు. బడికి వెళ్లిన మనిషి కాదు. భుజం మీది తుండుగుడ్డ తీసి చేత పట్టుకుని ఇలా అన్నాడు: "అయ్యా, నా చిన్నప్పుడు ఎండాకాలంలో మన చెరువు నీళ్లు ముట్టుకోవాలంటే రేవులో పదకొండు మెట్లు దిగాలి. ఇక్కడున్న నా ఈడు వాళ్లంతా దిగినోళ్లే. ఇప్పుడు నాలుగు మెట్లే కనపడతన్నాయి. మిగతా ఏడు మెట్లు ఎక్కడికి పోయాయి?"

అంతే. కూర్చున్నాడు. సభ ఒక్క క్షణం గమ్మున ఉండిపోయింది.

ఆ క్షణం నన్ను చాలా కాలం వదల్లేదు. అప్పటికి ఎన్నో ఏళ్లుగా నేను పిల్లలకు అలంకారాలు చెబుతున్నాను. లక్షణం, లక్ష్యం, సమన్వయం. మార్కుల కోసం మేం నేర్పే వరస అది. ఆ ముసలాయనకు వాటిలో ఒక్కదాని పేరూ తెలియదు. కానీ ఆ నాలుగైదు వాక్యాల్లో ఎన్ని ఉన్నాయో చూడండి. నాడు పదకొండు, నేడు నాలుగు అని రెండు బొమ్మల్ని పక్కపక్కన నిలబెట్టాడు. నా ఈడు వాళ్లంతా దిగినోళ్లే అని సాక్షుల్ని సభలోంచే లేపాడు. పూడిక అనే మాట ఎత్తకుండా పూడికను కళ్లకు కట్టాడు. చివర, జవాబు అక్కర్లేని ప్రశ్న ఒకటి వేశాడు. ఆ జవాబు అక్కడున్న ప్రతివాడికీ తెలుసు. మెట్లు మట్టి కింద ఉన్నాయి.

ఈ సాయంత్రం నేను మాట్లాడదలచింది దీని గురించే. రాతలోగాని మాటలోగాని ఎదుటివారిని ఒప్పించాలంటే మన దగ్గర ఉన్న సాధనాలేమిటి, అవి ఎలా పనిచేస్తాయి, వాటిని ఎలా నేర్చుకోవచ్చు.

మన పెద్దలు దీన్ని ఆలోచించకపోలేదు. చెప్పే తీరు మూడు రకాలన్నారు. రాజు ఆజ్ఞాపించినట్టు చెప్పడం ప్రభుసమ్మితం. వేదాలది ఆ పద్ధతి. స్నేహితుడు మంచీచెడూ విడమరచినట్టు చెప్పడం మిత్రసమ్మితం. పురాణాలు అలా చెబుతాయి. ప్రియురాలు మనసు కరిగించి తన దారికి తెచ్చుకున్నట్టు చెప్పడం కాంతాసమ్మితం. అది కావ్యం చేసే పని. కాశ్మీరదేశపు మమ్మటుడు కావ్యప్రకాశంలో చెప్పిన ఈ మాటనే మన ఓరుగల్లులో, కాకతి ప్రతాపరుద్రుడి ఆస్థానంలో, విద్యానాథుడు కూడా తన అలంకారశాస్త్రంలో చెప్పాడు. గ్రీసు దేశంలో అరిస్టాటిల్ చేసిన విభజన వేరు. చెప్పేవాడి మీద నమ్మకం, వినేవాడి మనసులో కదలిక, మాటలోని తర్కం అని మూడింటిని ఆయన లెక్కపెట్టాడు. రెండు లెక్కలూ తెలుసుకోదగ్గవే. నాకు మాత్రం మనవాళ్ల లెక్క దగ్గరగా అనిపిస్తుంది. ఒప్పించడం అనే పని ఇద్దరు మనుషుల మధ్య ఉన్న చుట్టరికాన్ని బట్టి నడుస్తుందని అది గుర్తించింది.

తెలుగులో ఈ విద్యకు అతి పెద్ద పాఠశాల తిక్కనగారి భారతంలోని ఉద్యోగపర్వం. పదమూడో శతాబ్దంలో నెల్లూరు మనుమసిద్ధి కొలువులో ఉన్న ఈ మహాకవి విరాటపర్వం మొదలుకుని పదిహేను పర్వాలు తెలుగు చేశాడు. ఉద్యోగపర్వంలో యుద్ధం ఇంకా మొదలుకాదు. అంతా మాటే. మొదట ధృతరాష్ట్రుడి తరఫున సంజయుడు పాండవుల దగ్గరికి వస్తాడు. యుద్ధం పాపమంటాడు, శాంతి గొప్పదంటాడు. మాటలు తేనెలూరుతుంటాయి. కానీ రాజ్యంలో భాగం ఇస్తామన్న మాట మాత్రం ఎక్కడా రాదు. ఎన్ని అలంకారాలున్నా ఇవ్వడానికి చేతిలో ఏమీ లేని రాయబారం అది. ధర్మరాజు అంతటి మెత్తని మనిషి కూడా దానికి లొంగలేదు.

ఆ తర్వాత కృష్ణుడు రాయబారిగా హస్తినకు బయల్దేరే ముందు ద్రౌపది మాట్లాడుతుంది. భర్తలు సంధి మాటలు అంటుంటే విన్నది. పెద్ద వాదన చేయవచ్చు. ధర్మశాస్త్రం ఎత్తవచ్చు. ఆమె తన జుట్టు చేత పట్టుకుని చూపిస్తుంది. సభలో దుశ్శాసనుడు పట్టి ఈడ్చిన జుట్టు అది. అక్కడ సంధి సంగతి మాట్లాడేటప్పుడు దీన్ని మరచిపోవద్దంటుంది. వెయ్యి మాటలతో చెప్పవలసిన అవమానాన్ని ఒక్క వస్తువు మోసింది. మా ఊరి పెద్దాయన మెట్లు కూడా అలాంటివే. ఒప్పించాలనుకునేవాడు మొట్టమొదట వెతకవలసింది ఇటువంటి వస్తువును. చేత్తో తాకగలిగేది, కంటితో చూడగలిగేది, వినేవాడికి ముందే పరిచయమున్నది. అది దొరికితే ఉపమానం ఎక్కడుందా అని వెతుక్కోనక్కర్లేదు.

హస్తినలో కృష్ణుడు ఏం చేశాడో గమనించండి. దుర్యోధనుడు వినడని ఆయనకు తెలుసు. మాట ధృతరాష్ట్రుడితో మొదలుపెట్టాడు. భీష్ముడు, ద్రోణుడు, విదురుడు, సభలోని రాజులు అందరూ వింటున్నారు. మొండివాడు మారకపోయినా సభ మారుతుంది. చర్చలో ఎదుటివాడితో తలపడుతున్నప్పుడు మనం తరచూ మరచిపోయేది ఇదే. పక్కన కూర్చుని మౌనంగా వింటున్న పదిమంది కోసమే చాలా మాటలు చెప్పాలి.

ఈ కథే తర్వాత తిరుపతి వేంకట కవుల నాటకాల్లో పల్లెపల్లెకూ చేరింది. రాత్రి తెల్లవార్లూ, హార్మోనియం శ్రుతిలో, చాపల మీద కూర్చున్న రైతులు, కూలీలు రాయబారం పద్యాలకు వన్స్ మోర్ కొట్టేవారు. కృష్ణుడు కౌరవసభలో రానున్న యుద్ధాన్ని వర్ణించే పద్యం మీలో చాలామందికి నోటికి వచ్చే ఉంటుంది. నువ్వు ఓడిపోతావు అని ఆయన ఉత్తినే అనడు. ఆ రోజు అర్జునుడి రథం మీద జెండా ఎలా ఉంటుందో, గుర్రాలు ఏ రంగులో ఉంటాయో, పగ్గాలు ఎవరి చేతిలో ఉంటాయో చూపిస్తాడు. జరగబోయేదాన్ని ఇప్పుడే కళ్లముందు జరుగుతున్నట్టు చెప్పడాన్ని అలంకారశాస్త్రం భావికం అంటుంది. మీరు రేపు మీ వీధిలో డెంగీ గురించి చెప్పాలనుకోండి. 'పరిశుభ్రత పాటించాలి' అంటే చెవికి ఎక్కదు. 'వచ్చే నెల వానలకు ఈ టైర్లో నీళ్లు నిలుస్తాయి. వారం పది రోజులకు అందులోంచి దోమలు లేస్తాయి. సాయంత్రం ఈ అరుగు మీద ఆడుకునేది మీ మనవరాలు' అంటే టైరు కదులుతుంది.

ఇక భాషలోకి వద్దాం. ఇతర భాషల వక్తృత్వ పుస్తకాలు చదివి వాటిని అలాగే తెచ్చుకుంటే తెలుగులో సగం పనిచేయవు. మన భాషకు తన సొంత బలాలున్నాయి. వాటిలో మొదటిది మనం, మేము అనే రెండు మాటలు. ఇంగ్లీషులో రెంటికీ ఒకటే మాట. 'మేము చెరువు బాగుచేయాలనుకుంటున్నాం' అంటే వినేవాడు బయట ఉన్నాడు. 'మన చెరువు బాగుచేసుకుందాం' అంటే లోపలికి వచ్చాడు. ఆ 'చేసుకుందాం'లోని 'కు' కూడా చూడండి. పని ఎవరి కోసమో అది చెబుతోంది. ఒక్క అక్షరం. నా అనుభవంలో ఉపన్యాసాలు ఎక్కువగా చెడేది మేము అనవలసిన చోట మనం అని, మనం అనవలసిన చోట మేము అని. తప్పు మనదైతే మేము అనాలి, బాధ్యత పంచుకోవలసి వస్తే మనం అనాలి. ఇది తలకిందులైతే వినేవాళ్లు వెంటనే పసిగడతారు.

రెండోది వాక్యం చివర. తెలుగులో క్రియ చివర వస్తుంది, బరువంతా అక్కడే పడుతుంది. కాబట్టి ఒకే మాటను మళ్లీమళ్లీ చెప్పాలనుకుంటే వాక్యాల తలలు ఒకేలా ఉండడం కంటే తోకలు ఒకేలా ఉండడం మన చెవికి హాయి. అంత్యప్రాస మనకు పద్యంలోనే కాదు, ఇంట్లో అమ్మ తిట్టులో కూడా ఉంటుంది. ముక్తపదగ్రస్తం అని పదో తరగతి పిల్లలు భయంభయంగా వల్లించే అలంకారం కూడా ఈ బలం మీదే నిలబడింది. ఒక మాట ఎక్కడ విడిచామో అక్కడే మళ్లీ పట్టుకోవడం. చెరువుంటే నీళ్లు, నీళ్లుంటే పంట, పంటుంటే పని, పనుంటే పిల్లలు ఊళ్లో ఉంటారు. వినేవాడు ఒక్కో మెట్టూ మనతో దిగుతాడు. ఒక్క జాగ్రత్త కావాలి. గొలుసులో ఏ లంకె అబద్ధమైనా మొత్తం ఊడిపోతుంది. నీళ్లున్నా గిట్టుబాటు లేక పంట వేయని ఊళ్లో ఈ గొలుసు చెబితే నవ్వుతారు.

మూడోది కాకువు. గొంతు మార్పుతో అర్థం మార్చడాన్ని ఆలంకారికులు కాకువు అన్నారు. ఎంత చక్కని పేరో. 'అమ్మ మాట ఎప్పుడైనా కాదన్నానా?' ఇందులో ప్రశ్న లేదు, కాదనలేదనే గట్టి సమాధానం ఉంది. చివరి దీర్ఘంలో అంతా ఉంది. రేడియోలో మాట్లాడే నాకు ఈ సాధనం చేతిలో ఉంది. కాగితం మీద రాసేవాడికి గొంతు లేదు. అందుకే ఇటువంటి ప్రశ్న రాసేటప్పుడు దానికి ముందు వాక్యాల్లోనే జవాబు సిద్ధం చేసి పెట్టాలి. పెద్దాయన పదకొండు, నాలుగు అని ముందే లెక్క చెప్పి ఆ తర్వాత అడిగాడు. లెక్క చెప్పకుండా 'మన మెట్లు ఏమయ్యాయి?' అని మొదలుపెట్టి ఉంటే అది పొడుపుకథ అయ్యేది. ఇంకో సంగతి, ప్రశ్న ఒక్కటే ఉండాలి. వరసగా ఆరు ప్రశ్నలు వేస్తే పోలీసు విచారణలా ఉంటుంది.

సామెత గురించి కాస్త ఎక్కువసేపు చెప్పాలని ఉంది. ప్రత్యేకమైన విషయాన్ని సామాన్యమైన సత్యంతో సమర్థించడాన్ని అర్థాంతరన్యాసం అంటారని చదువుకున్నాం. రోజూ మన నోట్లో ఆ పని చేసేది సామెతే. సామెత అనేది వినేవాడు ఇదివరకే సంతకం పెట్టిన కాగితం. 'చేతులు కాలాక ఆకులు పట్టుకుని ఏం లాభం' అనగానే తల ఊపుతాడు, ఆ ఊపులో మన విషయం కూడా కలిసిపోతుంది. అక్కడే ప్రమాదం ఉంది. మనకు 'ఆలస్యం అమృతం విషం' అనే సామెతా ఉంది, 'నిదానమే ప్రధానం' అనే సామెతా ఉంది. ఏది ఎక్కడ వాడినా తల ఊగుతుంది. అంటే సామెత దేన్నీ రుజువు చేయదు. రుజువు ముందే జరిగి ఉండాలి. సామెత దాన్ని గుర్తుండేలా చేస్తుంది. పిల్లల చేత వ్యాసం రాయించేటప్పుడు సామెతతో మొదలుపెట్టనివ్వకండి. విషయం చెప్పాక పెట్టమనండి.

జంటపదాలను కూడా మనం చిన్నచూపు చూస్తాం. ఇల్లూ వాకిలీ, గొడ్డూ గోదా, పొలం పుట్రా. 'నిర్వాసితులు ఆస్తులు కోల్పోయారు' అనే వాక్యం ఫైలులో కూర్చుంటుంది. 'ఇల్లూ వాకిలీ వదిలి, గొడ్డూ గోదా తెగనమ్ముకుని వచ్చారు' అన్న వాక్యం నడుస్తుంది. ఆ రెండో మాటలకు విడిగా పెద్ద అర్థం లేకపోవచ్చు. కానీ మనిషి బతుకును అంతటినీ అవి మూటగట్టి తెస్తాయి.

వినేవాడు ఇదివరకే ఒప్పుకున్నదాని మీద నిలబడి మాట్లాడడంలో నాకు గొప్పగా కనిపించేది కందుకూరి వీరేశలింగంగారు. 1879లో రాజమండ్రిలో వితంతు వివాహాల గురించి ఆయన ఉపన్యాసాలు మొదలుపెట్టినప్పుడు ఎదుట ఉన్నది శాస్త్రం తప్ప మరోటి నమ్మని సమాజం. దయ చూపండి అని మాత్రమే అడిగి ఉంటే దయ కన్నా శాస్త్రం గొప్పదని కొట్టిపారేసేవారు. 1856 నాటి వితంతు పునర్వివాహ చట్టం ఉంది కదా అని ఉంటే దొరల చట్టమనేవారు. అంతకుముందే బెంగాలులో ఈశ్వరచంద్ర విద్యాసాగరులు నడిచిన దారినే ఆయన పట్టారు. పండితుల చేతిలోని స్మృతి గ్రంథాలనే తెరిచి అందులోంచే అనుమతి చూపించారు. ఎదుటివాడి ఇంట్లో దీపాన్నే వెలిగించారు. అయినా వెంటనే ఎవరూ మారిపోలేదు. వెలివేతలు, తిట్లు, కష్టాలు అన్నీ పడ్డారు. 1881 డిసెంబరు 11న మొదటి వివాహం జరిపించగలిగారంటే, మాట వెనక ఆయన ఇల్లూ డబ్బూ ఆరోగ్యమూ అన్నీ పెట్టారు కాబట్టి. ఆ మాటను జనం నమ్మడానికి ఏ అలంకారం కన్నా అది పెద్ద కారణమని నా అభిప్రాయం.

ఇవే సాధనాలు వేరే చేతుల్లో ఏమవుతాయో గురజాడ చూపించాడు. కన్యాశుల్కం నాటకంలో గిరీశానికి వీటన్నిటి మీదా పట్టుంది. పొగడ్త ఎక్కడ వేయాలో తెలుసు, పెద్ద పేర్లు ఎక్కడ వాడాలో తెలుసు. శిష్యుడి ఇంట్లో ఇంగ్లీషులో మాట్లాడుకోమంటే అతనితో కలిసి పాఠం ముక్కలు వల్లించి ఇంటివాళ్లను మురిపిస్తాడు. వింటున్నవాళ్లకు అర్థం కాకపోవడమే అక్కడ అతని బలం. వితంతు వివాహమనే అదే ఆశయం, వీరేశలింగంగారి నోట ఒకలా, గిరీశం నోట మరోలా వినిపిస్తుంది. పిల్లలకు వక్తృత్వం నేర్పే ప్రతివాళ్లూ ఈ ఇద్దరినీ పక్కపక్కన చదివించాలని నేను గట్టిగా కోరుకుంటాను. ఎలా ఒప్పించాలో నేర్చుకున్న పిల్లవాడికి తనను ఎవరు ఎలా ఒప్పిస్తున్నారో కూడా తెలుస్తుంది. ఇవాళ ఫోను తెరిస్తే చాలు, పొద్దుటినుంచీ ఎవరో ఒకరు మనల్ని ఒప్పిస్తూనే ఉన్నారు. ఈ చదువు అవసరం అంత పెరిగింది.

కథ చేసే పని కూడా చెప్పాలి. 1990ల మొదట్లో నెల్లూరు జిల్లాలో అక్షరాస్యత ఉద్యమం నడిచింది. దూబగుంట అనే ఊళ్లో ఆడవాళ్లు కలిసి సారా దుకాణం మూయించారు. ఆ సంగతిని కొత్తగా చదువు నేర్చుకుంటున్నవాళ్ల వాచకంలో పాఠంగా పెట్టారు. పాఠం పేరు 'ఆడవాళ్లు ఏకమైతే'. రాత్రి బడుల్లో లాంతరు ముందు కూర్చుని అక్షరం కూడబలుక్కునే ఆడవాళ్లు ఆ పాఠం చదివారు. ఊరి నుంచి ఊరికి కదలిక పాకింది. 1992లో సారా వేలంపాటల్ని అడ్డుకున్నారు. 1993లో సారా నిషేధం వచ్చింది. ఆ కదలికకు కారణాలు చాలా ఉన్నాయి, తాగుడు వల్ల కాలిన కడుపులే అన్నిటికన్నా పెద్ద కారణం. కానీ ఆ పాఠం పేరు చూడండి. ఏకమైతే ఏమవుతుందో చెప్పలేదు. వాక్యాన్ని 'ఐతే' దగ్గర ఆపేశారు. క్రియను చదివే మనిషికి వదిలేశారు. తాగుడు హానికరం అనే నీతివాక్యం ఎన్ని గోడల మీద రాసినా రానిది, మనలాంటివాళ్లు పక్క ఊళ్లో చేశారన్న దృష్టాంతంతో వచ్చింది.

మరి నేర్చుకోవడం ఎలా? నేను పిల్లల చేత చేయించే పని చెబుతాను. ఒక అర్జీ రాయమంటాను. వీధి కుళాయి గురించో, బస్సు రాకపోవడం గురించో. రాశాక పైకి చదవమంటాను. ఎక్కడ ఊపిరి అందలేదో అక్కడ వాక్యం విరగ్గొడతాం. తర్వాత 'వెన్నెముక', 'పట్టుగొమ్మ', 'ప్రాణనాడి' లాంటివి కొట్టేయమంటాను. ఒకప్పుడు అవి బొమ్మలే. వాడివాడి ఇప్పుడు ఎవరికీ ఏమీ కనిపించడం లేదు. వాటి స్థానంలో ఆ వీధిలో మాత్రమే కనిపించే వస్తువు ఒకటి తెమ్మంటాను. ఒక అమ్మాయి తెచ్చిన వాక్యం నాకు ఇప్పటికీ గుర్తుంది. 'మా కుళాయి కింద బిందెలు రాత్రే వరసలో పెడతాం సార్, పొద్దున మేం వెళ్లేది వాటిని చూసుకోవడానికే' అని రాసింది. దానికి ఏ అలంకారమని పేరు పెట్టాలో అప్పుడు మా తరగతిలో పెద్ద వాదమే నడిచింది. స్వభావోక్తి అని కొందరు, కాదని కొందరు. పేరు కోసం పిల్లలు అలా పోట్లాడుకోవడం నేను మొదటిసారి చూశాను. ముందు వాక్యం పుట్టింది, తర్వాత పేరు కావలసి వచ్చింది. ఇన్నేళ్లూ మేం నేర్పింది దీనికి తలకిందులుగా.

మా గ్రామసభ సంగతి సగంలో ఆపాను. పెద్దాయన కూర్చున్నాక ఆయన వయసువాడే మరొకాయన ఉన్నచోటునుంచే, "పదకొండు కాదురా, పన్నెండు. అడుగుది పగిలి ఉండేది" అన్నాడు. కాదు పదకొండే అని ఒక ముసలమ్మ అంది. పన్నెండో మెట్టు ఉందా లేదా అని కాసేపు గొడవైంది. తర్వాత ఎవరో, తవ్వితే తెలుస్తుంది కదా అన్నారు. ఆ తర్వాత ఆ సభలో చెరువు గొప్పతనం ఎవరూ ఎత్తలేదు. ఎన్ని ట్రాక్టర్లు కావాలి, ఏ వైపు నుంచి మొదలుపెట్టాలి, తీసిన మట్టి ఎవరి పొలాలకు తోలాలి, డీజిలు ఎవరు పోయించాలి అన్న లెక్కలు మొదలయ్యాయి. ప్రహరీ మాట ఆ ఏడాదికి ఎవరికీ గుర్తు రాలేదు.